పరుసవేది ఊరి నుంచి ఉక్కు ఊరికి

శనివారం, వరంగల్ కోట

పరుసవేది గురించి వరంగల్‌లో ఎవరినడిగినా రెండు ముక్కలు చెప్తారు. ఇనుము తగిలితే బంగారం అవుతుంది, అది మన కోటలోనే ఉండేది. మంట అక్కర్లేదు, మందు అక్కర్లేదు, మంత్రం కూడా అక్కర్లేదు. ఎంత ఇనుముకు సరిపోతుంది, వాడితే అరుగుతుందా, ఈ సంగతులు ఏ కథా చెప్పదు. మన కథల్లో వింత వస్తువు దేనికైనా ఒక షరతు ఉంటుంది. దీనికి అదీ లేదు.

కథ మాత్రం బాగుంటుంది. రాజధాని ఇంకా హనుమకొండలో ఉన్న రోజులు. ఊరి బయట ఒక బండి బోల్తా పడింది. లేపి చూస్తే ఇనుప పట్టా పచ్చగా మెరుస్తోంది. కబురు కాకతీయ రాజు ప్రోలరాజుకు చేరింది. ఆయన వచ్చి తవ్విస్తే నేలలో శివలింగం కనబడింది, పరుసవేది అదే. కదిలించబోతే కదల్లేదు. సరే అని గుడి అక్కడే కట్టించాడు, గుడి చుట్టూ కోట లేచింది. ఆ స్వయంభూ దేవుడి గుడిలోనే, నక్షత్రం బాగాలేదని వదిలేసిన కొడుకు కాపలాదారుగా పెరిగి, ఎవరో దొంగ అనుకుని కన్నతండ్రినే పొడిచాడని కథ ఇంకాస్త సాగుతుంది. కాకతీయుల రాజ్యం పోయిన చాలా కాలానికి రాసుకున్న చరిత్రల్లో ఇదంతా ఉంది, ఒక్కో దాంట్లో ఒక్కో తీరుగా.

నాతో వచ్చినవాడు మా బామ్మర్ది. ఔసలి పని. హనుమకొండలో వాళ్ళ నాయిన పెట్టిన చిన్న దుకాణం నడుపుతాడు. తులం లక్ష దాటాక కొత్త నగ చేయించేవాళ్ళు తగ్గిపోయి, పాతది కరిగించేవాళ్ళే మిగిలారు. దీపావళి గిరాకీ అయిపోయింది, పెళ్ళిళ్ళ పని ఇంకా అందుకోలేదు. అందుకే దొరికాడు. తోరణాల నడుమ నిలబడి నేను కథ మొత్తం చెప్పాక అతను అడిగిన మొదటి ప్రశ్న ఇది:

"బంగారమే అని ఎట్ల తెలిసింది బావా? పచ్చగ మెరిసేదంత బంగారమైతే ఇత్తడి బిందెలమ్మేటోళ్ళు ఎప్పుడో కోటీశ్వరులైతుండె. ఎవడన్న గీటు పెట్టి చూసిండా?"

చొక్కా జేబులోంచి గీటురాయి తీశాడు. చూపుడువేలంత పొడుగున్న నల్లరాయి, వాడివాడి ఒక వైపు నున్నగా దిగిపోయింది. నగను దానిమీద గీస్తాడు, పక్కనే వన్నె తెలిసిన బంగారంతో ఇంకో గీత గీస్తాడు, రెండింటి మీదా ఆసిడ్ చుక్క పెడతాడు. ఏ గీత ఎంత నిలిచిందో చూస్తాడు. అంతే. మిషన్లు వచ్చాక కూడా ముందు ఇదే తీస్తానన్నాడు. "రాయి అబద్ధం చెప్పదు బావా. గిరాకి చెప్తడు."

ఆ స్వయంభూ దేవుడి గుడి ఉన్న చోటు తెలుస్తుంది కానీ గుడి లేదు. స్తంభాలు, దూలాలు, పద్మాలు చెక్కిన పైకప్పు రాళ్ళు, ముక్కు పోయిన నందులు వరసగా పేర్చి ఉన్నాయి. 1323లో ఢిల్లీ సుల్తాను కొడుకు ఉలుగ్ ఖాన్ కోట పట్టుకున్నాడు. అంతకు ముందు 1310లో ఢిల్లీ సేనాని మాలిక్ కాఫూర్ ముట్టడించినప్పుడు బయటి మట్టికోటను ఢిల్లీ ఆస్థాన కవి అమీర్ ఖుస్రో వర్ణించాడు: ఉక్కు బల్లెం గుచ్చినా దిగనంత గట్టి మట్టి అని. ఆ కట్ట ఇప్పటికీ ఊరి చుట్టూ ఉంది, మీద ముళ్ళకంప పెరిగి, అక్కడక్కడ ఇళ్ళు మొలిచి. ఆ ముట్టడప్పుడు కాకతీయ రాజు ప్రతాపరుద్రుడు ఏనుగులు, గుర్రాలు, బంగారం ఇచ్చి, ఏటేటా కప్పం పంపుతానని ఒప్పుకుని బయటపడ్డాడు.

"రాయి చేతిల ఉండంగ ఢిల్లీకి కప్పమేంది?" అన్నాడు మా వాడు. "బండెడు ఇనుము రుద్ది తోలిచ్చేది గద."

ఈ ప్రశ్నకు జవాబు కథలో దొరకదు. శాసనాల్లో దొరుకుతుంది. 1244లో గణపతిదేవుడు మోటుపల్లి రేవులో అభయశాసనం వేయించాడు. తుపానుకు చెదిరి ఒడ్డుకు కొట్టుకొచ్చిన ఓడల సరుకును వెనకటి రాజులు మొత్తం లాక్కునేవారనీ, తాను మాత్రం సుంకం తప్ప ఏమీ ముట్టననీ వర్తకులకు మాట ఇచ్చాడు. ముప్పైలో ఒక వంతు. ఓరుగల్లుకు బంగారం వచ్చిన దార్లలో అదొకటి. బండి బోల్తా పడ్డ కథంత సరదాగా ఉండదు కాబట్టి దాన్ని ఎవరూ పిల్లలకు చెప్పరు.

సరదా కథ చేసిన నష్టం మాత్రం మామూలుది కాదు. తెలంగాణలో పాడుబడ్డ శివాలయాలు ఎన్నిట్లోనో లింగం కింద గుంత తవ్వి ఉంటుంది, లేదంటే నంది పొట్ట పగిలి ఉంటుంది. రాయిలో బంగారం ఉంటుందన్న నమ్మకం తరాల తరబడి గునపాలు పట్టించింది. ఎండిన పొలం మధ్య ఒంటరిగా ఉన్న గుళ్ళలో అయితే దీపం పెట్టేవాళ్ళకన్నా తవ్వేవాళ్ళే ఎక్కువ వచ్చి పోయారేమో.

ఆదివారం, పాలంపేట

కార్తీకంలో ములుగు రోడ్డు సగమే మనది, మిగతా సగం వడ్లది. ఆరబోసిన వడ్ల చుట్టూ రాళ్ళు పేర్చి, నడుమ గొడుగు పాతుకుని ఆడవాళ్ళు కాళ్ళతో తిరగేస్తున్నారు. గూడెప్పాడ్ దాటిన దగ్గర్నుంచి ఇదే వరస. జంగాలపల్లి క్రాస్ దగ్గర మళ్ళి పాలంపేట చేరేసరికి పదిన్నర.

రామప్ప గుడి 1213లో రేచర్ల రుద్రుడు కట్టించాడు. గణపతిదేవుడి సేనాని. ఆ సంగతి గుడి ముందు మండపంలో నిలబెట్టిన శాసనంలోనే ఉంది. శిల్పి పేరు రామప్ప అనీ, అందుకే గుడికి ఆ పేరనీ జనం చెప్పుకుంటారు. 2021 జులైలో యునెస్కో జాబితాలోకి ఎక్కాక బయట బండ్లు ఆపే స్థలం పెద్దదైంది, మరమరాలమ్మే అవ్వలు పెరిగారు. లోపల మార్పేమీ లేదు. కార్తీకం కాబట్టి మెట్ల మీదంతా ఒత్తులు, నూనె మరకలు.

ఇక్కడి వింత వస్తువు ఇటుక. గుడి ఒళ్ళు ఎర్రటి ఇసుకరాయి, స్తంభాలు, మదనికలు డోలరైట్ అనే నల్లరాయి, గర్భగుడి పైన లేచే శిఖరం, అంటే విమానం మాత్రం ఇటుక. ఆ ఇటుక నీళ్ళలో వేస్తే తేలుతుంది. గైడు ఫోన్లో వీడియో చూపించాడు: ప్లాస్టిక్ బకెట్, అందులో అరచేతంత ముక్క, బుడుంగున మునిగి పైకొచ్చి పక్కకు ఒరిగి నిలిచింది. నీటి సాంద్రత ఒకటి అనుకుంటే దీనిది సుమారు 0.85 నుంచి 0.9. "సార్, ఇది ప్రపంచంలో ఎక్కడా లేదు, ఎవరికీ అంతుబట్టలేదు," అన్నాడు గైడు. అతని వృత్తికి అంతుబట్టకపోవడమే అవసరం, తప్పు పట్టను. కానీ మట్టిలో తుమ్మచెక్క పొట్టు, ఊక, కరక్కాయ కలిపి కాల్చారని అదే నోటితో అతనే చెప్పాడు. మరి అంతుబట్టనిది ఏముంది? మట్టి కాలేటప్పుడు పొట్టు మండి బూడిదవుతుంది, అది ఉన్న చోట ఖాళీ మిగులుతుంది. ఆ ఖాళీ తేలుతుంది.

కష్టం ఎక్కడంటే పాళ్ళలో. ఊక ఎక్కువైతే ఇటుక విమానం బరువు కిందే పిండవుతుంది. తక్కువైతే మునుగుతుంది. వేల ఇటుకలు ఒకే తీరుగా రావాలంటే మట్టి తొక్కినవాడికి తెలియాలి, ఆవం పేర్చినవాడికి తెలియాలి. మబ్బు పట్టిన రోజు మంట ఎంత పెంచాలో కూడా తెలియాలి. బరువు ఎందుకు తగ్గించారన్నది పునాది చూస్తే అర్థమవుతుంది. కాకతీయులు గొయ్యి తవ్వి ఇసుక నింపి దానిమీద గుడి నిలబెట్టేవాళ్ళు. ఇసుక పెట్టె అంటారు. నేల కదిలితే ఆ అదురును ఇసుక మింగుతుందని లెక్క. మీద బరువు ఎంత తక్కువ ఉంటే అంత మేలు.

మా బామ్మర్దికి ఇటుక ఎక్కలేదు. మదనికల దగ్గర ఆగిపోయాడు. చూరు కింద ఏటవాలుగా నిలిచిన ఆ నల్లటి ఆడబొమ్మల్లో ఒకదాని కింద మెడ వెనక్కి వంచి చాలాసేపు నిలబడ్డాడు. గైడు ఎత్తుమడమల చెప్పులు, పేరిణి నాట్యం, నటరాజ రామకృష్ణ ఈ శిల్పాలు చూసి ఆ నాట్యాన్ని మళ్ళీ నిలబెట్టిన సంగతి చెప్పుకుపోతున్నాడు. వీడి చూపు నగల మీదే ఉంది. "బావా, ఆ హారం చూడు. గుండ్లు ఒకదాని మీద ఒకటి పడ్డయి. మధ్యల సందుంది. రాయిల సందు తీసిండు. మాకు తీగ వంగుతది, తప్పైతె కరిగిస్తం. ఈయనకు ఒక్క పెచ్చు లేస్తె బొమ్మంత పాయె." గాజుకూ చేతికీ మధ్య సన్నటి పుల్ల దూరేంత జాగా ఉంది.

డోలరైట్ ఎంత గట్టిదంటే, గర్భగుడి ముందు స్తంభాల మెరుగు ఎనిమిది వందల ఏళ్ళ చేతుల జిడ్డుకు కూడా చావలేదు. వాటి మీద పడ్డ వెలుతురు తిరిగి లోపలి లింగం మీద పడుతుంది. ద్వారం పక్కన కృష్ణుడి శిల్పాన్ని గైడు గోటితో తట్టి సరిగమలు వినిపించాడు. ఒక్కో చోట ఒక్కో పలుకు, నిజమే. సన్నగా, సాగి వచ్చే మోత. చుట్టూ ఉన్న పిల్లలు చప్పట్లు కొట్టారు. నేనూ కొట్టాను.

కానీ నా బుర్రలో వేరే సందేహం పడింది. ఈ రాయిని దేనితో చెక్కారు? మెత్తటి ఇనుప ఉలి దీని మీద నాలుగు దెబ్బలకు మొద్దుబారుతుంది. దీన్ని తొలవాలంటే ఉలి మొన ఉక్కుదై ఉండాలి, అదీ మంచి ఉక్కు. ఆ ఉలి గురించి గైడు ఎవరికీ చెప్పడు, ఎవరూ అడగరు. మంచి ఉక్కు తీసే కొలిములు ఉత్తరాన, గోదావరి దగ్గర ఉండేవి. బుధవారం వెళ్ళబోయేది అక్కడికే.

మధ్యాహ్నం చెరువు కట్ట మీదికి పోయాం. రామప్ప చెరువూ, ఇక్కడికి దగ్గర్లోని లక్నవరం, అవతల పాకాల, అన్నీ ఆ కాలానివే. గుడి కట్టినవాళ్ళు చెరువు కూడా తవ్వించారు, ఇంకా వాటి కింద పంట పండుతోంది. పొద్దున రోడ్డు మీద మాకు అడ్డం పడ్డ వడ్లలో కొన్ని ఈ నీళ్ళవే. పరుసవేది ఏదన్నా ఉంటే ఇది అని ఎవరైనా రాసేస్తారు. నాకు ఆ పోలిక నచ్చదు. పరుసవేదికి పూడిక తీసే పని ఉండదు, తూముకు కాపలా ఉండదు.

సోమవారం, మేడారం

పస్రా నుంచి నార్లాపూర్ మీదుగా అడవి దారి. జాతర లేని నెలల్లో మేడారం ఎంత చిన్న ఊరో చూస్తే గానీ నమ్మలేం. రెండేళ్ళకోసారి మాఘమాసంలో సమ్మక్క సారలమ్మల జాతరకు ఇక్కడే ఇసుక వేస్తే రాలనంత జనం. ఇప్పుడు అమ్మవార్ల గద్దెల చుట్టూ పదిమందున్నారు. జంపన్నవాగులో మోకాలి లోతు నీళ్ళు, ఒడ్డున కొబ్బరి చిప్పలు.

ఇక్కడ బంగారమంటే బెల్లం. మారుపేరనుకునేరు, అసలు పేరే అది. దుకాణాల బోర్డుల మీద కూడా బంగారమనే రాస్తారు. మొక్కు ఉన్నవాళ్ళు తమ బరువెంతో అంత బెల్లం తూచి అమ్మవార్లకు సమర్పిస్తారు, నిలువెత్తు బంగారమంటారు. గద్దెల దారిలో తెరిచి ఉన్న రెండు మూడు దుకాణాల్లో ఒకదాని ముందు పెద్ద తక్కెడ వేలాడుతోంది. ఆ దుకాణంలో కూచున్న ఆమె మా వాణ్ణి పిలిచింది.

"బంగారం జోకాల్నా బిడ్డా?"

"నేను బంగారం పని చేసేటోన్నే అమ్మా," అన్నాడు.

"అయితే నీకు తెల్వదా, ఇది కరుగుతది," అని నవ్వింది.

అతనికి మొక్కేమీ లేదు, అయినా ఒక దిమ్మ కొన్నాడు. అలవాటు కొద్దీ గోటితో గీరి రంగు చూశాడు. నల్లబెల్లం మంచిదట, పచ్చగా మెరిసేదాంట్లో మందు కలుపుతారట. ఆ మాటకు ఇద్దరూ చాలాసేపు ముచ్చటపెట్టుకున్నారు, వ్యాపారస్తులు వ్యాపారస్తులు.

సమ్మక్క కథ తెలంగాణలో చెప్పనక్కర్లేదు. కరువొచ్చి కోయలు కప్పం కట్టలేకపోయారు. ఓరుగల్లు నుంచి ప్రతాపరుద్రుడు సైన్యం పంపాడు. సమ్మక్క భర్త పగిడిద్దరాజు, కూతుళ్ళు సారలమ్మ, నాగులమ్మ, అల్లుడు గోవిందరాజు పడిపోయారు, కొడుకు జంపన్న సంపెంగవాగులో దూకి ప్రాణం విడిచాడు, వాగుకు అతని పేరే మిగిలింది. సమ్మక్క గాయాలతో చిలుకలగుట్ట వైపు నడిచి కనబడకుండా పోయింది, వెతికిన వాళ్ళకు కుంకుమ భరిణె దొరికింది. జాతరలో ఆమెను గుట్ట మీంచి తెచ్చేటప్పుడు జిల్లా పోలీసు అధికారి గాల్లోకి తుపాకీ పేలుస్తాడు. రాజు మీద తిరగబడ్డామెకు సర్కారు వందనం. దీని మీద ఒక పుస్తకం రాయొచ్చు.

శనివారం నాడు కోటలో విన్న కథనూ ఈ కథనూ పక్కపక్కన పెట్టి చూడండి. రెంటిలోనూ అదే ఓరుగల్లు, అదే కాకతీయ వంశం. ఒక కథలో వాళ్ళ దగ్గర ఎంత తీసినా తరగని బంగారపు రాయి ఉంది. ఇంకో కథలో కరువులో ఉన్న అడవి పల్లె నుంచి కప్పం రాలేదని అదే వంశపు రాజు సేనను పంపుతున్నాడు. రెండూ నిజం కాలేవు. మొదటిది గెలిచినవాళ్ళ వైభవం చూసినవాళ్ళు అల్లుకున్నది. రెండోది ఆ వైభవానికి డబ్బు కట్టినవాళ్ళు దాచుకున్నది. నా మటుకు నేను రెండోదాన్నే నమ్ముతాను, చరిత్రకారులు తేదీల దగ్గర ఎంత తగువు పడినా సరే. రాజుకు రాయి ఉంటే పన్ను ఉండదు. పన్ను లేని రాజు ఇంతవరకు పుట్టలేదు.

ఈ మాట మా వాడితో అంటే, "ఊకో బావా, జీఎస్టీ గుర్తు జెయ్యకు," అన్నాడు.

మంగళవారం

రోజంతా బస్సు. హనుమకొండలో ఎక్కి, హుజూరాబాద్ మీదుగా కరీంనగర్. మధ్యాహ్నం అక్కడ వెండి నగిషీ పని చూడాలని మా వాడి పట్టు. వెంట్రుకంత సన్నటి వెండి తీగలు రెండు కలిపి మెలేసి, నలగ్గొట్టి, చుట్టలు చుట్టి, చట్రంలో నింపి వెలిగారంతో అతికించే పని. పటకారు పట్టిన వేళ్ళను చూస్తూ నోరు మెదపలేదు. బయటికొచ్చాక "కండ్లు పోతయి" అని ఒక్క మాటన్నాడు. సాయంత్రం జగిత్యాల, కొండగట్టు దీపాలు దారిలో కనబడ్డాయి. రాత్రికి మెట్‌పల్లిలో లాడ్జి. దాని గురించి ఏమీ చెప్పకపోవడమే మర్యాద.

బుధవారం, కోనసముద్రం

కమ్మర్‌పల్లి నుంచి ఆటో. ఇటు నిజామాబాద్ జిల్లా, పసుపు చేల రాజ్యం. పెద్ద ఆకుల పసుపు మడులు, మధ్య మధ్య మొక్కజొన్న కోసిన మోళ్ళు, గట్ల మీద తంగేడు. బతుకమ్మ అయిపోయినా పూలింకా ఉన్నాయి.

ఊళ్ళో దిగి చిట్టెం దిబ్బలు ఎక్కడని అడిగితే చెట్టు కింద కూచున్న ఒకాయన మమ్మల్ని కిందినుంచి పైకి చూశాడు. "తవ్వ వచ్చిన్రా?" అన్నాడు. తవ్వం కాకా, చూసి పోతామంటే, "అందరు గట్లనే అంటరు," అని, అయినా మనవణ్ణి తోడిచ్చి పంపాడు. ఆ పిల్లవాడు దారంతా రాళ్ళు తన్నుకుంటూ నడిచాడు. కాసేపటికి గమనించాను, అతను తన్నేవి రాళ్ళు కాదు, చిట్టెం. ఇనుము తీయగా మిగిలిన మడ్డి. నల్లగా, బరువుగా, కారుతూ కారుతూ గడ్డకట్టినట్టు మడతలు.

వెతుకుతూ పోతే మూసల పెంకులు కూడా దొరికాయి. ఔసలికి మూస కొత్తది కాదు, రోజూ బంగారం కరిగించేది మూసలోనే. కానీ ఈ పెంకు పట్టుకుని మా వాడు మొదటిసారి కళ్ళు పెద్దవి చేశాడు. బయటి వైపు మట్టి కరిగి గాజులా అయింది, ముదురు ఆకుపచ్చ, ఎండలో తళుక్కుమంటోంది. లోపలి గోడ నల్లగా ఉంది, దానికి అడ్డంగా ఒక గీత, లోపల కరిగిన లోహం ఏ మట్టం దాకా నిలిచిందో చెప్పే గుర్తు. విరిగిన అంచును కంటి దగ్గర పెట్టుకుంటే మట్టిలో సన్నటి పొడుగాటి గుంతలు. ఊక గుర్తులు. రామప్పలో ఇటుకను తేల్చిన ఊకే ఇక్కడ మట్టిని మంటకు తట్టుకునేట్టు చేసింది. వరి పండే దేశంలో ఎక్కడ చూసినా పోగుపడే ఊక, పొయ్యిలో కూడా సరిగా మండదని విసుక్కునే ఊక.

"బంగారం వెయ్యి డిగ్రీలకు కొంచెం పైన కరుగుతది," అన్నాడు మా వాడు. "మూస చుట్టు గిట్ల గాజు కట్టంగ ఎన్నడు సూడలే. ఎంత మంట పెట్టిన్రు బావా?"

పద్నాలుగు వందల డిగ్రీలు దాటాలి. పద్ధతి వినడానికి సాదాగా ఉంటుంది. ముందు ఖనిజం నుంచి ఇనుము ముద్ద తీస్తారు, ఆ పని చేసేవాళ్ళను ముద్ద కమ్మరులనేవారు. ఆ ఇనుము ముక్కల్ని మూసలో పెట్టి, మట్టితో మూత బిగించి, బొగ్గుల నడుమ పేర్చి, రాత్రీ పగలూ తిత్తులు ఊదుతారు. మూసలోని బొగ్గు అంశం ఇనుములోకి మెల్లగా ఎక్కుతుంది. నూటికి ఒకటిన్నర పాళ్ళు ఎక్కితే అది ఇనుము కాదు, ఉక్కు. తమిళనాడులో సేలం వైపు తెల్లవాళ్ళు రాసిన వివరాల్లో మూసలో తంగేడు చెక్క ముక్కలు వేసి, పైన జిల్లేడు ఆకు కప్పేవారని ఉంది. ఇక్కడి గట్ల మీద తంగేడు చూస్తూ ఆ మాట చెప్తే పిల్లవాడు నమ్మలేదు. తంగేడు బతుకమ్మకు కదా అన్నాడు.

ఈ ఉక్కు బిళ్ళలు పర్షియా పోయి కత్తులయ్యేవి. ఆ కత్తుల మీద నీటి అలల్లాంటి గీతలు లేచేవి, డమాస్కస్ కత్తి అని లోకమంతా పేరు. ఇంగ్లండులో శాస్త్రవేత్త మైకేల్ ఫారడే ఈ ఉక్కు రహస్యం కోసం తంటాలు పడ్డాడు. 2006లో జర్మనీలో డ్రెస్డెన్ పరిశోధకులు పదిహేడో శతాబ్దపు ఒక కత్తి ముక్కలో కార్బన్ నానోగొట్టాలు, అంటే కంటికి ఆననంత సన్నటి గొట్టాలు, కనిపించాయని ప్రకటించారు. ఆ వార్త ఇక్కడికి 'మన పూర్వీకులకు నానో సైన్సు తెలుసు' అని చేరింది. వాళ్ళకు తెలిసింది మంట. ఏ రంగు దగ్గర ఆపాలో, ఎంత మెల్లగా చల్లారనివ్వాలో తెలుసు. ఆ తెలివికి నానో అని పేరు పెట్టి పెద్దది చేయాల్సిన పని లేదు. 2010లో బెంగళూరులోని నియాస్ అనే పరిశోధన సంస్థ, ఇంగ్లండులోని ఎక్సెటర్ విశ్వవిద్యాలయం కలిసి ఉత్తర తెలంగాణలో ఊరూరా తిరిగి ఈ దిబ్బలు నమోదు చేశాయి. ఊళ్ళో వాళ్ళు మాత్రం మా తాతల కాలంలో దిబ్బలు ఇంకా పెద్దగా ఉండేవనీ, రోడ్లకూ చదునుకూ పోయాయనీ చెప్పారు.

ఊరి చివర ఒక కొలిమి నడుస్తోంది. తిత్తి లేదు, కరెంటు బ్లోయరు. కమ్మరాయన లారీ కమాను పట్టా కోసి గొడ్డలి చేస్తున్నాడు. మంచి ఉక్కు ఇప్పుడు పాత లారీల నుంచే వస్తుందన్నాడు. ఏది మంచిదో ఎట్లా తెలుస్తుందని మా వాడు అడిగాడు. ఆయన లేచి రెండు ముక్కలు తీసి ఒకదాని తర్వాత ఒకటి గ్రైండరుకు ఆనించాడు. మొదటిది పొడుగ్గా, ఎర్రగా రవ్వలు కక్కింది. రెండోదాని రవ్వలు చివర చిట్లి పూలయ్యాయి. "గిది పనికొస్తది," అన్నాడు రెండోదాన్ని పక్కన పెడుతూ. మా బామ్మర్ది జేబులోంచి గీటురాయి తీసి ఆయన చేతిలో పెట్టాడు. ఆయన దాన్ని అటూ ఇటూ తిప్పి, బరువు చూసి, తిరిగిచ్చాడు. ఆ తర్వాత గంటసేపు నాతో మాట్లాడే తీరిక ఇద్దరికీ లేకపోయింది.

చాయ్ తాగుతూ వాయ్‌సీ సంగతి చెప్పాను. కంపెనీ కాలంలో దేశాన్ని కొలిచిన లాంబ్టన్ సర్వేలో పనిచేసిన డాక్టరు, రాళ్ళ పరిశోధకుడు. 1824లో చనిపోయాడు, ఆయన రాసింది 1832లో అచ్చయింది. ఆయన ఈ ఊరికి వచ్చేసరికి ఇస్ఫహాన్ నుంచి వచ్చిన పర్షియా వర్తకుడు ఒకాయన ఇక్కడ మకాం వేసి ఉన్నాడట. ఊరికే కొని పోవడం కాదు, రెండు రకాల ఇనుమును ఏ పాళ్ళలో కలుపుతున్నారో తనే తూచి, పని జరిగినంతసేపూ దగ్గరుండి చూసేవాడట.

"గంత దూరం నుంచి వచ్చి ఇక్కడ కూసున్నడా?" అన్నాడు మా బామ్మర్ది. "మా గిరాకీలు గూడ గట్లనే బావా. బంగారం కరిగిచ్చేటప్పుడు మూస మీది నుంచి కన్ను తియ్యరు."

కమ్మరాయన గ్లాసు కింద పెట్టాడు. "గిప్పుడు మారిండ్రా ఏంది? కొడవలికి కక్కు కొట్టేదాక గా మొద్దు మీది నుంచి లెవ్వరు. లేసినంక పది రూపాలు తక్కువిచ్చి పోతరు."